గ్లాసు నీళ్ళు, ఒక వెంట్రుక

అందరికీ నమస్కారం. నా ముందు గ్లాసుతో నీళ్ళు పెట్టారు కదా, వాటితోనే మొదలుపెడతాను.

ఊరి జనాన్ని ఒకచోట కూర్చోబెట్టి, ఇలాంటి గ్లాసే చూపించి, తాగుతారా అని అడుగుతారు. తాగుతామంటారు. అడిగినాయన తల వెంట్రుక ఒకటి పీకి, మలానికి తాకించి, గ్లాసులో ముంచి తీస్తాడు. ఇప్పుడు తాగమంటే ఒక్కరూ ముట్టుకోరు. ‘ఈగకు ఆరు కాళ్ళు. అది మీ అన్నం మీద వాలట్లేదా?’ అంటాడు. అంతే, ఇక మాట పెగలదు.

2000 ప్రాంతంలో బంగ్లాదేశ్‌లో కమల్ కర్ అనే పారిశుద్ధ్య నిపుణుడు మొదలుపెట్టిన పద్ధతి ఇది. రోత పుట్టించి, సిగ్గు పుట్టించి ఆరుబయట మలవిసర్జన అలవాటు మానిపించడం. నాకు ఇది పెద్ద తప్పుగా తోచదు. అంతా కళ్ళెదుటే జరుగుతుంది. ఏ ముసలాయనో లేచి ‘వెంట్రుక సంగతి సరే, ముందు మా బావి సంగతి చెప్పు’ అని నిలదీయొచ్చు. మరి ఫేస్‌బుక్ చేసింది చూడండి: 2012 జనవరిలో దాదాపు 6 లక్షల 89 వేల మందికి కనబడే పోస్టులను వారంపాటు మార్చి, వాళ్ళ మనసు ఎటు మొగ్గుతుందో చూసింది. వాళ్ళు ఎవర్ని నిలదీస్తారు? సంగతే తెలీదాయె.

మన దగ్గర 2014లో స్వచ్ఛ భారత్ వచ్చింది. మరుగుదొడ్డికి 12 వేలు ఇచ్చారు, మంచిదే. దాంతోపాటు చాలాచోట్ల తెల్లారగట్ల ఈలలూ టార్చిలైట్లూ వచ్చాయి. చెంబు పట్టుకుని వెళ్ళేవాళ్ళ వెంటపడి ఈల ఊదడం, ఫొటో తీయడం. సిగ్గుపడాలని ఊరు తనకు తాను అనుకోవడం వేరు, లక్ష్యం పూర్తిచేయాల్సిన అధికారి సిగ్గుపడేలా చేయించడం వేరు. పైగా ఆ వెలుగు ఎవరి మీద పడుతుంది? గోడ కట్టుకోవడానికి రెండు గజాల జాగా లేనివాడి మీద.

మనస్తత్వ శాస్త్రవేత్త స్కిన్నర్ ఎప్పుడో చెప్పాడు: దండిస్తే మనిషి ఆ పని మానడు, దండన తప్పించుకోవడం నేర్చుకుంటాడు. ఈల నాలుగింటికి మోగితే ఆడవాళ్ళు మూడింటికే లేస్తారు. పాముల మధ్యకి, చీకట్లోకి.

2019 సెప్టెంబరు 25న మధ్యప్రదేశ్ శివపురి జిల్లాలో ఆరుబయట మలవిసర్జనకు వెళ్ళిన ఇద్దరు దళిత పిల్లల్ని కర్రలతో కొట్టి చంపారు. ఇంట్లో మరుగుదొడ్డి లేదని ఆ కుటుంబం చెప్పింది. చంపమని ఏ పథకమూ చెప్పలేదు, అందులో కులం ఉంది, కాదనను. కానీ ఈల ఊదేవాడికి ఊరు ఒకసారి పెత్తనం అప్పజెప్పాక, అది ఏ కులం చేతికి చిక్కుతుందో వేరే చెప్పాలా?

సరిగ్గా వారానికి, అక్టోబరు 2న, గ్రామీణ భారతంలో బహిరంగ మలవిసర్జన లేదని ప్రకటించారు.