హైడ్రలాజికల్: ఒక్క విశేషణం, ఎన్ని తెలుగు మాటలు?

సమన్వయకర్త: నమస్కారం. ఈరోజు చర్చంతా ఒక్క మాట చుట్టూనే. ప్రాజెక్టు నివేదికల్లో, వరద బులెటిన్లలో, బోరు సర్వే కరపత్రాల్లో కనిపించే "హైడ్రలాజికల్" అన్న విశేషణం. తెలుగులో దీన్ని ఒకరు జలసంబంధ అంటారు, ఒకరు జలశాస్త్రీయ అంటారు, ఇంకొకరు జలవనరుల అంటారు. స్టూడియోలో ముగ్గురున్నారు: నదీ జలాల లెక్కలు చూసే జలశాస్త్రవేత్త, భూగర్భజల నిపుణురాలు, సాంకేతిక గ్రంథాల అనువాదకుడు. సార్, ముందు అర్థం చెప్పండి.

జలశాస్త్రవేత్త: భూమ్మీద నీరు ఎంత ఉంది, ఎక్కడి నుంచి వస్తోంది, ఎప్పుడు వస్తోంది, ఎటు పోతోంది? ఈ నాలుగు ప్రశ్నల్లో ఏదో ఒకదానికి సంబంధించిన విషయమైతే దాన్ని హైడ్రలాజికల్ అంటాం. వాన, ఆవిరి, వాగు ప్రవాహం, నేలలో ఇంకుడు, భూగర్భజలం అన్నీ ఇందులోకే వస్తాయి. ఇంట్లో కుళాయి నీటి పీడనం ఇందులోకి రాదు. చివర "అల్" ఉన్నా లేకపోయినా అర్థం ఒకటే. అమెరికా వాళ్లు హైడ్రలాజిక్ అని రాస్తారు, ప్రపంచ వాతావరణ సంస్థ పత్రాల్లో హైడ్రలాజికల్ అని ఉంటుంది.

అనువాదకుడు: నాకు ఇబ్బంది ఇక్కడే మొదలవుతుంది. లాజీ అంటే శాస్త్రం కదా అని చాలామంది ఎక్కడ హైడ్రలాజికల్ కనబడినా "జలశాస్త్రీయ" అని పెట్టేస్తున్నారు. సైకలాజికల్ ప్రాబ్లమ్‌ను మనం మానసిక సమస్య అంటాం గాని మనస్తత్వశాస్త్ర సమస్య అనం. మిటియరలాజికల్ డిపార్ట్‌మెంట్‌ను వాతావరణ శాఖ అనే పిలుస్తున్నాం. అలాంటప్పుడు హైడ్రలాజికల్ సైకిల్‌ను "జలశాస్త్రీయ చక్రం" అనడం ఎంత తప్పో చూడండి. ఆ చక్రం శాస్త్రానిది కాదు, నీటిది. జలచక్రం అన్న చక్కటి మాట బడి పుస్తకాల్లో ఎప్పటినుంచో ఉంది. శాస్త్రానికి సంబంధించిన చోటే, అంటే అధ్యయనం, నమూనా, పద్ధతి వంటి మాటల ముందే, జలశాస్త్ర అని రాయాలి.

సమన్వయకర్త: అంటే ఈ విశేషణానికి తెలుగులో ఒకే మాట లేదంటారా?

అనువాదకుడు: ఉండకూడదంటాను. పక్కన ఏ నామవాచకం ఉందో దాన్ని బట్టి మాట మారాలి. హైడ్రలాజికల్ ఇయర్‌కి "నీటి సంవత్సరం" అని మన పత్రికలు రాస్తున్నాయి, అది సరిగ్గా ఉంది. హైడ్రలాజికల్ స్టేషన్‌కి "ప్రవాహ కొలత కేంద్రం" చాలు. హైడ్రలాజికల్ డేటా అంటే వానలు, ప్రవాహాలు, నీటిమట్టాల లెక్కలు. అలా విడమరిచి రాస్తే చదివేవాడికి తెలుస్తుంది.

జలశాస్త్రవేత్త: నీటి సంవత్సరం గురించి ఒక మాట చెప్పాలి, పొరపాట్లు అక్కడే ఎక్కువ. మనకది జూన్ 1న మొదలై మే 31తో ముగుస్తుంది. అమెరికాలో అక్టోబరు 1 నుంచి సెప్టెంబరు 30 వరకు. ఈ తేదీలు ఎవరో ఇష్టమొచ్చినట్లు పెట్టినవి కావు. మే ఆఖరుకి మన చెరువులు, జలాశయాలు, నేలలో తేమ అన్నీ అడుగంటుతాయి. లెక్క అక్కడ మొదలుపెడితే పాత ఏడాది నిల్వ కొత్త ఏడాదిలోకి చొరబడదు. సూత్రం చిన్నదే. కురిసిన వాన నుంచి ఆవిరైంది, పారిపోయింది తీసేస్తే మిగిలేది నిల్వలో వచ్చిన మార్పు. జనవరి నుంచి డిసెంబరు వరకు లెక్క కడితే ఆ నిల్వ మార్పు పెద్దదైపోతుంది. ఆగస్టులో కురిసిన వానని ఒక ఏడాదికి, అదే నీరు ఫిబ్రవరిలో కాలువలో పారితే దాన్ని మరో ఏడాదికి రాస్తారు. నెల్లూరులో అక్టోబరు నుంచి డిసెంబరు దాకా కురిసే ఈశాన్య రుతుపవనాల వాన సంగతి ఇంకా ఇబ్బంది, దాని ప్రవాహం కొంత మరుసటి క్యాలెండర్‌లో పడుతుంది.

సమన్వయకర్త: అంకెలతో ఒక ఉదాహరణ?

జలశాస్త్రవేత్త: 100 చదరపు కిలోమీటర్ల పరీవాహక ప్రాంతం, ఏడాదికి 800 మిల్లీమీటర్ల వాన అనుకోండి. మొత్తం కురిసిన నీరు 8 కోట్ల ఘనపు మీటర్లు. ఒక టీఎంసీ అంటే 2.83 కోట్ల ఘనపు మీటర్లు కాబట్టి సుమారు 2.8 టీఎంసీలు. కానీ వాగులోకి చేరేది అందులో 10 శాతమే అయితే చేతికొచ్చేది 0.28 టీఎంసీ. మిగిలింది ఆవిరిగానో ఇంకుడుగానో పోతుంది. "మా మండలంలో ఇంత వాన పడింది, చెరువెందుకు నిండలేదు" అన్న ప్రశ్నకు జవాబు ఈ 10 శాతంలో ఉంది. ఆ శాతం నేల రకాన్ని బట్టి, వాలుని బట్టి, వాన ఒక్కసారిగా కురిసిందా పది రోజులు తుంపరగా కురిసిందా అన్నదాన్ని బట్టి మారుతుంది.

భూగర్భజల నిపుణురాలు: నేను అడ్డు రావచ్చా? ఈ మాటని బోర్ల విషయంలో వాడే తీరు నన్ను బాగా కలవరపెడుతోంది. "హైడ్రలాజికల్ సర్వే చేసి పాయింటు చూపిస్తాం" అని రైతులకి చెబుతుంటారు. వాళ్లు చేసేది నేలలోకి నాలుగు కడ్డీలు దించి, బయటి రెండిట్లో కరెంటు పంపి, లోపలి రెండిటి మధ్య వోల్టేజి కొలవడం. దాన్నుంచి రాతి పొరల నిరోధకత తెలుస్తుంది. అది జియోఫిజికల్ సర్వే. దాంతోపాటు చుట్టుపక్కల బావుల లోతు, రాయి రకం, పగుళ్ల దిశ చూస్తే హైడ్రోజియలాజికల్ అంటాం, తెలుగులో భూగర్భజల సర్వే అంటే సరిపోతుంది. ఏటా అక్కడ ఎంత నీరు ఇంకుతోంది, ఎంత తోడుతున్నారు అన్నది అసలైన హైడ్రలాజికల్ ప్రశ్న. దాని జోలికి ఎవరూ పోరు. పాయింటు సరిగ్గానే ఉంటుంది, నీరూ పడుతుంది, మూడేళ్లకి బోరు ఎండిపోతుంది. రాయి సంగతి చూశారు, నీటి లెక్క చూడలేదు.

సమన్వయకర్త: నీటిమట్టం పెరిగిందంటే నీరు పెరిగినట్టే కదా, మేడమ్?

భూగర్భజల నిపుణురాలు: పెరిగినట్టే, కానీ ఎంత అన్నది రాయి చెబుతుంది. తెలంగాణలో, రాయలసీమలో చాలా భాగం గట్టి రాతి నేల, గ్రానైటు, నైస్ అనే రాళ్లు. అక్కడ ఒక ఘనపు మీటరు శిథిల రాయిలో తోడితే వచ్చేది సుమారు 2 శాతం నీరు. బావిలో మట్టం 5 మీటర్లు పెరిగిందంటే నిజంగా చేరింది 100 మిల్లీమీటర్ల నీరు. డెల్టాలోని ఒండ్రు నేలలో ఆ శాతం 10 అనుకుంటే అదే 5 మీటర్ల పెరుగుదలకి 500 మిల్లీమీటర్లు కావాలి. అంచేత రాతి నేలలో మట్టం త్వరగా ఎగబాకుతుంది, అంతే త్వరగా పడిపోతుంది. రెండు జిల్లాల మట్టాల్ని మీటర్లలో పక్కపక్కన పెట్టి "వీళ్లకి ఎక్కువ నీరు చేరింది" అని రాయడం తప్పు. మిల్లీమీటర్లలోకి మార్చి పోల్చాలి.

అనువాదకుడు: ఇక అసలు చిక్కు హైడ్రాలిక్‌తో. రెండూ "జల"తోనే మొదలవుతాయని అనువాదాల్లో కలిపేస్తున్నారు.

జలశాస్త్రవేత్త: దీన్ని తేలిగ్గా తీసుకోకూడదు. ఎంత నీరు వస్తుంది అన్నది హైడ్రలాజికల్. వచ్చిన నీరు ఆ కాలువలో, ఆ పైపులో, ఆ తూము కింద ఎలా పారుతుంది అన్నది హైడ్రాలిక్. బ్రేకుల్లో నూనె ఒత్తిడి కూడా హైడ్రాలిక్కే, అక్కడ నీరే ఉండదు. ఒక కల్వర్టు తీసుకుందాం. 2 చదరపు కిలోమీటర్ల ప్రాంతం, గంటకి 60 మిల్లీమీటర్ల వాన, ప్రవాహ గుణకం, అంటే కురిసినదాంట్లో పారే వంతు, 0.6. మూడింటినీ గుణించి 3.6తో భాగిస్తే సెకనుకి 20 ఘనపు మీటర్లు, సుమారు 700 క్యూసెక్కులు. ఇంతవరకు హైడ్రలాజికల్. ఒక మీటరు వ్యాసం ఉన్న పైపు సెకనుకి 2 మీటర్ల వేగంతో నిండుగా పారితే మోసేది 1.57 ఘనపు మీటర్లు. అంటే 13 పైపులు కావాలి. ఇది హైడ్రాలిక్.

సమన్వయకర్త: పొరపాటు ఏ భాగంలో జరుగుతుంది?

జలశాస్త్రవేత్త: ఎక్కువగా మొదటి భాగంలో. రోజంతా కురిసిన 120 మిల్లీమీటర్లని 24తో భాగించి గంటకి 5 మిల్లీమీటర్లు అనుకుంటారు. చిన్న పరీవాహకంలో పై కొస నుంచి చుక్క కిందికి చేరడానికి పట్టేది అరగంటో గంటో. ఆ వ్యవధిలో కురిసే ఉధృతిని తీసుకోవాలి గాని రోజు సగటుని కాదు. రెండోది ఆ గుణకం. పొలాలున్నప్పుడు 0.3 పెట్టి కట్టారు, తర్వాత కాలనీలు వచ్చి 0.6 అయింది. వాన పెరగకపోయినా వరద రెట్టింపయింది. పైపులు మాత్రం అవే.

అనువాదకుడు: 2024 సెప్టెంబరులో విజయవాడ మునిగినప్పుడు వార్తల్లో ఈ రెండూ ఒకదాన్లో ఒకటి కలిసిపోయాయి.

జలశాస్త్రవేత్త: ఔను. ప్రకాశం బ్యారేజీ దగ్గర కృష్ణా ప్రవాహం 11 లక్షల క్యూసెక్కులు దాటింది, దాంతో కృష్ణా వల్లే సింగ్‌నగర్ మునిగిందని చాలామంది అనుకున్నారు. అక్కడికి వచ్చింది బుడమేరు నీరు. బుడమేరు పరీవాహకం వేరు, అది సహజంగా కొల్లేరులో కలిసే వాగు. వెలగలేరు దగ్గర నుంచి మళ్లింపు కాలువ ద్వారా దాన్ని బ్యారేజీ ఎగువన కృష్ణాలోకి పంపుతారు. బుడమేరు పరీవాహకంలో ఎంత కురిసింది, ఎంత పారింది అన్నది హైడ్రలాజికల్ ప్రశ్న. నిండుగా ఉన్న కృష్ణా ఆ కాలువ నీటిని కలవనివ్వకుండా ఎదురుతన్నడం, కాలువ గట్లు తెగడం హైడ్రాలిక్ ప్రశ్న. మొదటిదానికి మందు వానల అంచనా, పరీవాహకంలో నేల వాడకం. రెండోదానికి మందు కాలువ సామర్థ్యం, గట్టు ఎత్తు. విశేషణం తారుమారైతే డబ్బు వెళ్లాల్సిన చోటు కూడా తారుమారవుతుంది.

సమన్వయకర్త: కరువు దగ్గరికొద్దాం. "హైడ్రలాజికల్ డ్రాట్"కి తెలుగు?

అనువాదకుడు: జలాశయాల కరువు అని రాస్తుంటాను.

భూగర్భజల నిపుణురాలు: ఒప్పుకోను సార్. జలాశయం ఒక్కటే కాదు, వాగులు, చెరువులు, భూగర్భజలం కూడా అందులోకే వస్తాయి. మీ మాట వాడితే బావులు ఎండిన ఊరు లెక్కలోంచి తప్పిపోతుంది.

అనువాదకుడు: నిజమే. అయితే జలవనరుల కరువు అందాం.

భూగర్భజల నిపుణురాలు: అది సరిపోతుంది. దీర్ఘకాలిక సగటు కన్నా వాన 26 శాతం, అంతకు మించి తగ్గితే వాతావరణ కరువు, 50 శాతం మించితే తీవ్రం. పంట వేళ్ల దగ్గర తేమ చాలకపోతే వ్యవసాయ కరువు. ప్రవాహాలు, నిల్వలు, భూగర్భజలం పడిపోతే జలవనరుల కరువు. మూడోది ఆలస్యంగా వస్తుంది, ఆలస్యంగా పోతుంది. వానలు బాగా కురిసిన ఏడాదిలో కూడా బావులు కోలుకోకపోవడం అందుకే.

జలశాస్త్రవేత్త: నది విషయంలో ఇంకో కారణం ఉంది. శ్రీశైలం నిండాలంటే శ్రీశైలంలో కురవక్కర్లేదు, మహాబలేశ్వరం వైపు పశ్చిమ కనుమల్లో కురవాలి. కృష్ణా పరీవాహకం సుమారు 2,58,900 చదరపు కిలోమీటర్లు. నీటికి హద్దు జిల్లా సరిహద్దు కాదు, కొండ శిఖరాల మీదుగా పోయే జలవిభాజక రేఖ. ఇక్కడి వాన లెక్కతో అక్కడి జలాశయాన్ని అంచనా వేయడం కుదరదు.

సమన్వయకర్త: "75 శాతం విశ్వసనీయత" అన్న మాట కూడా ఈ కోవదేనా?

జలశాస్త్రవేత్త: పూర్తిగా. కృష్ణా జలాల పంపకానికి వేసిన బచావత్ ట్రైబ్యునల్ ఆ నదికి 2,060 టీఎంసీలు అని తేల్చింది 78 ఏళ్ల ప్రవాహాల మీద. 100 ఏళ్లలో 75 ఏళ్లు కనీసం అంత నీరు వస్తుందని అర్థం. పద్ధతి ఇది: 39 ఏళ్ల లెక్కలుంటే పెద్దది మొదలు చిన్నది దాకా వరసగా పేర్చండి, సంఖ్యకి ఒకటి కలిపితే 40, దాంట్లో 75 శాతం 30. ముప్పయ్యో స్థానంలో ఉన్న అంకె మీ జవాబు. దీన్ని సగటుతో కలపకూడదు. అదే నదికి తర్వాత వేసిన బ్రిజేష్ కుమార్ ట్రైబ్యునల్ 47 ఏళ్ల లెక్కతో సగటు 2,578 టీఎంసీలంది. రెండు అంకెలూ నిజమే, ప్రశ్నలు వేరు. అలాగే "వందేళ్ల వరద" అంటే వందేళ్లకోసారి వచ్చేది కాదు, ఏ ఏడాదికైనా 1 శాతం అవకాశం ఉన్నది. 30 ఏళ్ల ఇంటి రుణం తీరేలోపు అది ఒక్కసారైనా వచ్చే అవకాశం 26 శాతం.

భూగర్భజల నిపుణురాలు: ఈ అంకెలన్నిటికీ పునాది నది దగ్గర కొలత. అది చెప్పండి సార్.

జలశాస్త్రవేత్త: చాలాచోట్ల ప్రవాహాన్ని ప్రతిసారీ నేరుగా కొలవరు, నీటి ఎత్తు కొలుస్తారు. ఎత్తుకి ప్రవాహానికి మధ్య ముందే వేసిపెట్టుకున్న వక్రరేఖ నుంచి క్యూసెక్కులు చదువుతారు. ఆ రేఖ వేయడానికి నదిని అడ్డంగా భాగాలు చేసి, ఒక్కో భాగంలో పైనుంచి మొత్తం లోతులో 0.6 వంతు దగ్గర వేగం కొలుస్తారు, లోతెక్కువైతే 0.2, 0.8 వంతుల దగ్గర కొలిచి సగటు తీస్తారు. ఇసుక తవ్వేశాక అడుగు దిగిపోతే అదే ఎత్తుకి ఇప్పుడు ఎక్కువ నీరు పారుతుంది, పాత రేఖ తక్కువ చూపిస్తుంది. పెద్ద వరదల్లో ఇంకో ప్రమాదం, ఎన్నడూ కొలవని ఎత్తుకి రేఖను ఊహించి పొడిగించడం. 2009 అక్టోబరులో శ్రీశైలానికి డిజైన్ చేసిన 19 లక్షల క్యూసెక్కుల్ని మించిన వరద వచ్చింది. అలాంటి రోజున ఆ రేఖ పై కొస ఎంత నమ్మదగ్గదన్నదే అసలు ప్రశ్న. ప్రతి వానాకాలం ముందు, తర్వాత నది అడ్డకోత, అంటే ఈ గట్టు నుంచి ఆ గట్టు దాకా లోతుల కొలత, మళ్లీ తీసి రేఖను సరిచేయాలి.

అనువాదకుడు: కాబట్టి రేపు ఏ బులెటిన్‌లోనైనా "హైడ్రలాజికల్ కారణాలు" అని వస్తే నేను అలాగే దించను. వానా, ప్రవాహమా, ఇంకుడా అని అడిగి, జవాబు వచ్చాక ఆ మాటే రాస్తాను.