పెదనాన్నకి ఆ పరీక్ష ఏ భాషలో పెట్టారు?

నమస్తే అండీ. ఒడిశాలోని పర్లాకిమిడి నుంచి మాట్లాడుతున్నాను. పెద్దవాళ్ళకి చేసే ఐక్యూ పరీక్ష, అంటే తెలివితేటల్ని కొలిచే పరీక్ష గురించి ఈరోజు చెప్పి తీరాలి.

మా పెదనాన్న ముప్పై ఏళ్ళు రైసుమిల్లులో గుమస్తా. పక్షవాతం వచ్చి తేరుకున్నాక లెక్కల్లో తడబడుతున్నారని ఒక ఆసుపత్రికి తీసుకెళ్ళాం. అక్కడ సైకాలజిస్టు పరీక్ష పెట్టారు. సగం తెరిచిన తలుపులోంచి నాకు కనిపిస్తోంది. సెకనుకో అంకె: "తిని, సాత, దుయి, నఅ." వెనకనుంచి అప్పజెప్పాలి. పెదనాన్నకి బజారు ఒడియా బాగానే వచ్చు. కానీ ఎక్కాలు తెలుగులో నేర్చిన మనిషి. పెదాలు కదులుతున్నాయి: మూడు, ఏడు, రెండు... తెలుగులోకి తెచ్చుకుని, తిరగేసి, మళ్ళీ ఒడియాలోకి మార్చేలోగా ఒక అంకె జారిపోయింది.

రిపోర్టులో 72 వేశారు. "వందకి డెబ్బై రెండా, మంచిదే కదా" అంది పెద్దమ్మ.

కాదండీ, అది వందకి మార్కులు కాదు. పూర్వం మానసిక వయసుని అసలు వయసుతో భాగించి వందతో గుణించేవారు. పిల్లలకి ఆ లెక్క నప్పుతుంది. నలభయ్యేళ్ళాయన ఇరవయ్యేళ్ళ కుర్రాడికి రెట్టింపు తెలివి సంపాదించడు కదా! అందుకే డేవిడ్ వెక్స్‌లర్ 1939లో పెద్దల కోసం తెచ్చిన పరీక్షలో, ఆ వయసువాళ్ళ సగటునే 100 అనుకున్నారు. 15 పాయింట్లు అటూ ఇటూ, అంటే 85 నుంచి 115 లోపు, ముగ్గురిలో ఇద్దరు దాకా ఉంటారు. పెదనాన్నకి వేసిన 72 దానికి బాగా కింద. అరవయ్యేళ్ళ మనిషిని అరవయ్యేళ్ళవాళ్ళతోనే పోలుస్తారు. ఈ పద్ధతి నాకు చాలా న్యాయంగా అనిపిస్తుంది. అయితే పోల్చేది ఎవరితో, అడిగేది ఏ భాషలో అన్నది సరిగ్గా ఉండాలి.

తర్వాత ఇంకొక సైకాలజిస్టు పెదనాన్నతో తెలుగులోనే మాట్లాడారు. అదే పరీక్ష వెంటనే మళ్ళీ పెడితే అలవాటు మీద మార్కులు పెరుగుతాయట, అందుకని వేరేది తీశారు. సి. ఎం. భాటియా 1955లో మన దేశం కోసం కూర్చిన పరీక్ష అది. రంగు దిమ్మలు పేర్చి, కార్డు మీది బొమ్మలా చెయ్యాలి. పెదనాన్న ఒక్కొక్క దిమ్మా తిప్పి తిప్పి చూసి పెట్టారు. మతిమరుపు కొంత నిజమేనని తేలింది, దానికి వైద్యం నడుస్తోంది. ఆ 72 చూసి వచ్చిన మందబుద్ధి అన్న మాట మాత్రం మళ్ళీ ఎవరూ అనలేదు.

సవర గిరిజన పిల్లలకి సవర భాషలోనే చదువు చెప్పాలని గిడుగు రామమూర్తి పంతులుగారు పట్టుబట్టిన ఊరండీ మనది. మీ ఇంట్లో ఎవరికైనా ఈ పరీక్ష పెడుతుంటే ముందే చెప్పండి: ఇంట్లో ఏ భాష, బడిలో ఏ భాష, చూపు ఎలా ఉంది, చెవి ఎలా వినిపిస్తోంది. రిపోర్టు చేతికొచ్చాక, ఏ భాషలో పరీక్షించారో రాశారా అని చూడండి. మా పెదనాన్న మొదటి రిపోర్టులో ఆ ముక్క లేదు.