పచ్చ నక్షత్రం ఉంటుందా? మా మేనల్లుడి ‘పగటివేషగాడు’

నమస్తే అండీ. ఇవాళ్టి వీడియోకి కారణం మా మేనల్లుడు. పదో తరగతి చదువుతున్నాడు. లెక్కల నోటుబుక్కు వెనక పేజీల్లో సొంతంగా ఓ విశ్వాన్ని కట్టుకుంటున్నాడు. అందులో ఓ మహా నక్షత్రం ఉంది. స్క్రీన్ మీద చూడండి, స్కెచ్ పెన్నులతో వేశాడు. పొద్దున ఎరుపు, మధ్యాహ్నం ఆకుపచ్చ, సాయంత్రానికి ఊదా. పేరు మాత్రం నేనే పెట్టాను: పగటివేషగాడు. పూర్వం ఊళ్లలోకి పగటివేషాల వాళ్లు వచ్చి రోజుకో వేషం కట్టేవారు కదా, అలా.

“మామయ్యా, ఇలాంటిది నిజంగా ఉంటుందా?” అన్నాడు. ఉండదురా అని ఒక్క ముక్కలో తేల్చేద్దామనుకున్నాను. కానీ ఆర్ద్ర గుర్తొచ్చింది.

ఆర్ద్ర అంటే ఇంగ్లిష్‌లో బీటిల్‌జ్యూస్ అనే నక్షత్రం. మన ఆరుద్ర కార్తె పేరు దీనిదే. జూన్ 22 ప్రాంతంలో ఆ కార్తె మొదలవుతుంది, వానలకి నేల మీద ఎర్రటి ముఖమల్ గుండీల్లా ఆరుద్ర పురుగులు తిరుగుతుంటాయి. పైన నక్షత్రమూ ఎరుపే, కింద పురుగూ ఎరుపే. అది కాకతాళీయమే లెండి, నాకు మాత్రం భలే ముచ్చటగా ఉంటుంది. ఇక సైజు సంగతా? ఆర్ద్రని తెచ్చి సూర్యుడి చోట పెడితే బుధుడు, శుక్రుడు, మనం, అంగారకుడు, అందరం దాని పొట్టలోనే.

అసలు విశేషం ఏంటంటే, ఈ ఆర్ద్ర మొదట్నుంచీ ఎర్రగా లేదు. క్రీస్తుపూర్వం 100 ప్రాంతంలో చైనా చరిత్రకారుడు సిమా చియాన్ నక్షత్రాల రంగులకు ఉదాహరణలు ఇచ్చాడు. తెలుపుకి సిరియస్, ఎరుపుకి జ్యేష్ఠ. మరి ఆర్ద్ర? పసుపుకి! రోమన్ రచయిత హైజినస్ కూడా దాని రంగుని పసుపుగా కనిపించే శనిగ్రహంతో పోల్చాడు. 16వ శతాబ్దంలో డెన్మార్క్ ఖగోళ శాస్త్రవేత్త టైకో బ్రాహీ చూసేనాటికి అది ఎర్రబడిపోయింది. 2022లో జర్మనీ శాస్త్రవేత్తల ఆధ్వర్యంలో ఒక బృందం ఈ పాత రాతలన్నీ ముందేసుకుని, రెండు వేల ఏళ్లలో ఆర్ద్ర పసుపు నుంచి ఎరుపుకి మారిందని తేల్చింది. 2019 చివర్లో అది మసకబారి, పేలిపోతుందేమోనని అందరం టెన్షన్ పడ్డాం కదా, అది వేరే కథ. అప్పుడు మారింది వెలుగు. దుమ్ము అడ్డొచ్చింది, ఉపరితలం కాస్త చల్లబడింది, అంతే.

అంటే వేషం మార్చే నక్షత్రం నిజంగానే ఉంది. కాకపోతే దాని పెట్టెలో అన్ని వేషాలూ ఉండవు. కమ్మరి కొలిమిలో ఇనుము గుర్తు తెచ్చుకోండి. ఎర్రబడుతుంది, నారింజ రంగుకొస్తుంది, పసుపవుతుంది, తెల్లగా మెరుస్తుంది. ఆకుపచ్చగా ఎప్పుడైనా మారిందా? నక్షత్రానిదీ ఇదే వరస. ఇంకా వేడెక్కితే నీలి తెలుపు, అక్కడితో సరి. ఆకుపచ్చ కాంతి బాగా వెలువడేంత వేడి దగ్గర ఎరుపు, నీలం కూడా దండిగానే వస్తాయి. అన్నీ కలిసి కంటికి తెల్లగా కనిపిస్తాయి. మన సూర్యుడిది ఆ పరిస్థితే.

ఇక పొద్దునకీ మధ్యాహ్నానికీ రంగు మారడం. ఎరుపంటే సుమారు 3,500 కెల్విన్ల ఉష్ణోగ్రత, నీలి తెలుపంటే 12,000. సైజు అలాగే ఉండి రంగు మాత్రం మారితే నక్షత్రం వెదజల్లే వేడి దాదాపు 140 రెట్లు పెరుగుతుంది. మావాడి గ్రహంలో మధ్యాహ్నం భోజనానికి మనిషి మిగలడు. మరి బతకాలంటే? నీలి వేషం కట్టినప్పుడల్లా నక్షత్రం వెడల్పులో పన్నెండో వంతుకి ముడుచుకోవాలి. నాకైతే ఇది ఏడు రంగులకంటే గొప్పగా ఉంది: ఎరుపైతే ఆకాశంలో ఉబ్బుతుంది, నీలమైతే చుక్కలా కుంచించుకుపోతుంది.

ఇంకోటి. అంత పెద్ద నక్షత్రం మొత్తం ఒకేసారి రంగు మారినా, చూసేవాళ్లకి అలా కనిపించదు. అంచు మనకి దూరం కాబట్టి అక్కడి కాంతి ఆలస్యంగా వస్తుంది. సూర్యుడికి 700 రెట్లు వెడల్పున్న నక్షత్రమైతే దాదాపు 27 నిమిషాలు. కొత్త రంగు నడిమధ్యలో బొట్టులా పుట్టి, అరగంట పాటు అంచుల దాకా పాకుతుంది. గేములకి బొమ్మలు వేసేవాళ్లు ఇది ఎందుకు వాడుకోరో నాకు అర్థం కాదు.

మనకి సూర్యుడి నుంచి అందేంత వేడే అందాలంటే గ్రహం చాలా దూరంగా ఉండాలి. అక్కడ ఏడాదంటే మన లెక్కలో ఇంచుమించు వెయ్యేళ్లు. చలికాలంలో పుట్టినవాడు చలికాలంలోనే పోతాడు.

ఇదంతా విని మావాడు మొహం మాడ్చుకున్నాడు. “ఆకుపచ్చ లేకపోతే ఎలా మామయ్యా? అక్కడి వాళ్లంతా దాన్ని పచ్చదేవర అని కొలుస్తారు!”

అప్పుడు తట్టింది. పచ్చ అంటే మన భాషలో ఆకుపచ్చ ఒక్కటే కాదు కదా! పసుపు కూడా పచ్చే. పచ్చకామెర్ల వాడికి లోకమంతా పచ్చగా కనబడుతుందంటే ఏ రంగు? పసుపే. “అయితే రాయరా,” అన్నాను. “నక్షత్రం ఎప్పుడో పచ్చగా ఉండేదని వాళ్ల పాత పాటల్లో ఉంది. ఇప్పుడు ఎర్రగా ఉంది. ఆ పచ్చ పసుపా, ఆకుపచ్చా అని పండితులు రెండు వర్గాలై కొట్టుకుంటున్నారు. చూసినవాడు ఒక్కడూ బతికి లేడు.”

స్కెచ్ పెన్ను చెరగదు కదా, కొత్త పేజీ తీశాడు. ఊదా మాత్రం చచ్చినా వదలనన్నాడు.