పిల్లల క్యారేజీలో ఏముండాలి?

అమ్మలకు, నాన్నలకు, మనవళ్ల కోసం వచ్చిన అవ్వాతాతలకు నమస్కారం.

నేను ఈ బడి టీచరునే అయినా ముందు ఒక తల్లిగా మాట్లాడతాను. మా అమ్మాయి ఒక ప్రైవేటు స్కూల్లో రెండో తరగతి చదివేటప్పుడు ఒకరోజు క్యారేజీ ముట్టకుండా తెచ్చింది. పొద్దున నేను పెట్టిన గుడ్డు వేపుడు అలాగే ఉంది. వాసనొస్తోందని మిస్ మూత పెట్టించేసిందట. సాయంత్రం దాకా పిల్ల పస్తు. "గుడ్డు తినడం తప్పా అమ్మా?" అని అడిగింది. తలుచుకుంటే ఇప్పటికీ కడుపు తరుక్కుపోతుంది.

అదే గుడ్డును ఇక్కడ వారానికి ఐదు రోజులు మనమే వడ్డిస్తున్నాం. బడిలో పిల్లలకు వండిన అన్నం పెట్టాలని సుప్రీంకోర్టు 2001లో ఆదేశించింది. ఐదో తరగతి వరకు ఒక్కొక్కరికి రోజుకు 100 గ్రాముల బియ్యం, 20 గ్రాముల పప్పు, 50 గ్రాముల కూరగాయలు అని లెక్క. గుడ్డు మన ఆంధ్రప్రదేశ్ రాష్ట్రం దానికి కలిపింది. తినని ఇళ్ల పిల్లలను మేం బలవంతపెట్టం, పెట్టకూడదు. కానీ కొందరు తినరని అందరికీ ఆపడం అన్యాయం. 2021లో ఉత్తర కర్ణాటక బడుల్లో గుడ్డు మొదలుపెడితే కొందరు మఠాధిపతులు వద్దన్నారు. అక్కడి ప్రభుత్వం ఆపలేదు, తినని పిల్లలకు అరటిపండు ఇచ్చింది. అక్కడి గంగావతి ఊళ్లో ఒక బడిపిల్ల అయితే, మాకు గుడ్డు కావాలని అందరి ముందూ గట్టిగా అడిగింది. ఆ పిల్ల ధైర్యానికి దండం పెట్టాలి.

మరి మీరు పంపే క్యారేజీ గురించి బడి ఏమీ అనకూడదా? అనాలి. అన్నానికి బదులు చిప్స్ ప్యాకెట్ పంపితే నేను తప్పకుండా మిమ్మల్ని పిలిచి మాట్లాడతాను. ఉప్పు, చక్కెర, కొవ్వు ఎక్కువున్న తిండిని బడి చుట్టూ 50 మీటర్లలోపు అమ్మకూడదని 2020లో నిబంధనే వచ్చింది. ఒంటికి చేటని చెప్పడం వేరు, ఇంటి కూర నీచు వాసనని ముక్కు మూసుకోవడం వేరు.

మీరూ మమ్మల్ని అడగండి. బీహార్‌లో 2013లో పురుగుమందు కలిసిన బడి భోజనం తిని 23 మంది పిల్లలు చనిపోయారు. అందుకే వడ్డించే ముందు ఒక టీచరైనా రుచి చూడాలి. మేం చూస్తున్నామో లేదో మధ్యాహ్నం వచ్చి చూడండి, మీరూ ఒక ముద్ద తినండి.

ఇంకొక్క మాట. వారానికి మూడు రోజులు చిక్కీ ఇస్తున్నాం. వేరుశెనగ పడని పిల్లలుంటారు, అది మీకు తెలుస్తుంది గానీ మాకు తెలియదు. మీ పిల్లలకు ఏది పడదో ఇవాళ వెళ్లే ముందు క్లాస్ టీచరుకు చెప్పి, రాయించి వెళ్లండి.