కాలం రెండు పాయలైతే ఎవరికి తెలుస్తుంది?

అందరికీ నమస్కారం. టైమ్‌లైన్ చీలిపోయే కథ ఎలా రాయాలో చెప్పమని పిలిచారు. చీల్చడం చాలా ఈజీ అండీ, మెరుపు మెరిసింది, కాలం రెండు పాయలైపోయింది అని రాసేస్తే చాలు, దానికి నా ప్రసంగం అక్కర్లేదు. చీలిన తర్వాత ఏంటి అన్న దగ్గరే చాలా కథలు చతికిలబడతాయి, కాబట్టి అక్కడి నుంచే మాట్లాడతా.

ఒక సంఘటన కల్పించుకుందాం. ఒక రాత్రి ఒక ఊళ్ళో కాలం చీలింది, ఒక పాయలో వంతెన కూలింది, రెండో పాయలో నిలబడింది. పొద్దున్నే లేచిన మనిషికి ఏం తెలుస్తుంది చెప్పండి? ఏమీ తెలీదు. వంతెన కూలిందనో, నిలబడే ఉందనో తెలుస్తుంది, అంతే. గడియారం పట్టిస్తుందా అంటే అదీ లేదు. సెకను అంటే సీసియం పరమాణువు విడిచే తరంగం 9,192,631,770 సార్లు ఊగే టైమ్ అని 1967 నుంచి లెక్క, ఆ లెక్క రెండు పాయల్లోనూ అలాగే ఉంటుంది. జీపీఎస్ శాటిలైట్లలో గడియారాలు నేల మీద వాటికంటే రోజుకి సుమారు 38 మైక్రోసెకన్లు ముందుకి పోతాయి, దాన్ని సరిచేయకపోతే మన మ్యాపులు పనిచేయవు, కానీ ఆ తేడా దొరికిందంటే రెండు గడియారాలూ ఒకే ప్రపంచంలో ఉన్నాయి కాబట్టే కదా, పోల్చి చూడొచ్చు. పక్క పాయలో గడియారాన్ని ఎవరు పట్టుకొస్తారు?

ఈ తలనొప్పి నిజం ఫిజిక్స్‌లో కూడా వచ్చింది. 1957లో ప్రిన్స్‌టన్‌లో చదివిన హ్యూ ఎవరెట్ అనే ఆయన, పరమాణువు లాంటి చిన్నదాన్ని కొలిచినప్పుడు ఒక్క ఫలితమే మిగిలి మిగతావన్నీ మాయమవుతాయని మనం ఎందుకు అనుకోవాలి, అలాంటి చిన్నవాటి నడక చెప్పే ష్రోడింగర్ సమీకరణాన్ని ఉన్నదున్నట్టు నమ్మితే అన్ని ఫలితాలూ ఉన్నట్టే కదా, ఒక్కో పాయలో ఒక్కోటి, కొలిచే మనిషితో సహా అన్నాడు. బ్రైస్ డివిట్ అనే ఇంకో శాస్త్రవేత్త, నేను చీలిపోతున్నట్టు నాకేం అనిపించట్లేదే అని ఉత్తరం రాస్తే ఎవరెట్ తిరిగి, భూమి తిరుగుతున్నట్టు మీకు అనిపిస్తోందా అని అడిగాడు. ఆ దెబ్బకి డివిట్ ఒప్పేసుకున్నాడు, తర్వాత 1970లో ఆ ఆలోచనని పదిమందికీ తెలిసేలా రాసింది కూడా ఆయనే. ఇది ఇంకా నిరూపణ అయిన విషయం కాదు, ఒక వ్యాఖ్యానం మాత్రమే, దాని మీద వాదనలు ఇప్పటికీ నడుస్తున్నాయి. ఇంకోటి, ఎవరెట్ లెక్కలో చీలడానికి మనుషుల నిర్ణయాలతో పనేం లేదు. హీరో ఎడమకి తిరగాలా కుడికి తిరగాలా అని ఆలోచించగానే విశ్వం చీలిపోయే కథలు చూస్తే నాకు నవ్వొస్తుంది, విశ్వానికి మన హీరో అంటే అంత మోజు ఎందుకో!

సరే, చీలిక ఎవరికీ తెలీదు అంటే కథే లేదు. పాయలు ఎక్కడో ఒకచోట మళ్ళీ తగలాలి. చిన్న వస్తువుల విషయంలో అలాంటిది నిజంగానే కనిపిస్తుంది. 1999లో వియన్నాలో 60 కార్బన్ పరమాణువులున్న అణువుల్ని సన్నటి సందుల గుండా పంపితే, ఒక్కో అణువూ అన్ని దారుల్లోనూ వెళ్ళొచ్చి తనతో తనే కలిసినట్టు అవతల చారలు పడ్డాయి. 2004లో అలాంటి పెద్ద అణువుల్నే బాగా వేడి చేసి పంపారు, వేడికి అవి వెలుతురు విడిచాయి, ఆ వెలుతురు ఏ అణువు ఎటు పోయిందో బయటికి చెప్పేస్తుంది, దాంతో చారలు చెదిరిపోయాయి. దీనికి మనిషి చూడక్కర్లేదు, ఏ దారిన పోయిందన్న గుర్తు లోకంలో ఎక్కడో మిగిలితే చాలు, దారులు ఇంక కలవవు.

నాకు ఇదే బంగారం లాంటి రూల్ అనిపిస్తుంది. రెండు పాయలు మళ్ళీ కలవాలంటే తేడా చెప్పే గుర్తు ఒక్కటి కూడా ఉండకూడదు. నిజానికి వంతెనంత పెద్దదానికి ఇది కుదరదు, గాలి తగిలినా వెలుగు పడినా గుర్తు మిగిలిపోతుంది. కథకి ఒక్క అబద్ధం అలవెన్స్ ఉంటుంది కదా, నేను దాన్ని ఇక్కడ వాడేస్తా, చెరిపేస్తే కలుస్తుంది అనుకుంటా. అంతకుమించి ఇంకో అబద్ధం ఆడను. అలాగే లెక్కలేనన్ని పాయలు కూడా పెట్టను, అన్నీ ఎక్కడో ఒకచోట జరిగిపోతుంటే ఎవరు చచ్చినా చదివేవాడికి పట్టదు, రెండు చాలు.

ఇప్పుడు వంతెన కూలిన పాయలో ఒక అక్క ఉంది, తమ్ముడు ఆ వంతెన మీదే పోయాడు. పాయలు కలిస్తే తమ్ముడు దొరకొచ్చు, గ్యారంటీ లేదు, వంతెన ఎటైనా తేలొచ్చు. దానికి ఆమె ఫోటోలు చెరపాలి, పేపర్లు కాల్చాలి, చివరికి ఏడ్చిన సంగతి కూడా మర్చిపోవాలి, ఎందుకంటే జ్ఞాపకం కూడా తలలో మిగిలిన గుర్తే. అంటే దేనికోసం మర్చిపోతోందో అది కూడా మర్చిపోవాలి. ఊళ్ళో మిగతావాళ్ళూ అంతే, ఒక్క ముసలాయన మొండికేసినా అంతా వృథా.

ఇక్కడిదాకా బాగానే ఉంది, అసలు చిక్కు అవతలి పాయలో ఉంది. అక్కడ తమ్ముడు బతికే ఉన్నాడు, వంతెన నిక్షేపంగా ఉంది, ఎవరికీ ఏ కష్టమూ లేదు. వాళ్ళు కూడా ఆ రాత్రిని చెరుపుకోవాలి, లేకపోతే కలవదు. కానీ వాళ్ళెందుకు చెరుపుకుంటారు? పైగా కలిస్తే తమ్ముడు ఉన్న ప్రాణం పోగొట్టుకోవచ్చు. పోనీ అక్క ఎలాగో కబురు పంపింది అనుకుందాం, ఆ కబురే ఒక గుర్తు అయిపోతుంది, పంపకపోతేనేమో అవతల ఎవరూ కదలరు. నేను రాస్తున్న కథ ప్రస్తుతం ఇక్కడ ఉంది. ఆ తమ్ముడి స్థానంలో మీరుంటే ఏం చేస్తారో, మైక్ అటు పంపిస్తున్నా, చెప్పండి.