తొట్టిలో పాచి

నమస్కారమండీ. మాది చెన్నైలో పెరంబూరు. ఇంట్లో రెండడుగుల చేపల తొట్టి ఉంది, యాభై లీటర్ల పైనే నీళ్ళు పడతాయి, గప్పీలూ మాలీలూ ఓ డజను దాకా ఉంటాయి. పోయిన ఏప్రిల్లో ఏమైందంటే అద్దం మీద పచ్చగా మొదలై, పది రోజుల్లో నీళ్ళన్నీ గోంగూర ఉడకబెట్టినట్టు అయిపోయాయి, లోపల చేపలున్నాయో లేవో కూడా తెలీదు.

అందరూ చేసేదే నేనూ చేశా. ఆదివారం పూట చేపల్ని బకెట్లోకి తీసి, తొట్టి ఖాళీ చేసి, గులకరాళ్ళూ ఫిల్టర్ స్పాంజీ అన్నీ కుళాయి కింద రుద్ది రుద్ది కడిగేశా. మెరిసిపోయింది. వారం తిరక్కుండా మళ్ళీ పచ్చన, పైగా రెండు గప్పీలు పోయాయి. చేపల మురికిలోంచి వచ్చే అమ్మోనియాని తినేసే బ్యాక్టీరియా ఆ స్పాంజీలోనే కాపురం ఉంటుందిట, కుళాయి నీళ్ళలో ఉండే క్లోరిన్ తగిలితే చచ్చిపోతుందిట. దాన్ని తొట్టిలోంచి తీసిన నీళ్ళలోనే పిండుకోవాలి.

ఇక లాభం లేదని కొళత్తూరు వెళ్ళా, ఇక్కడ రంగు చేపలంటే కొళత్తూరే కదా. షాపాయన ఫోటో చూసి "పాసి" అన్నాడు. అరవంలో పాసి, మనకి పాచి, రెండూ చుట్టాలే. మందు సీసా ఇవ్వమంటే ఇవ్వలేదు. లైటు ఎంతసేపు వేస్తారు, కిటికీ పక్కన పెట్టారా, మేత ఎవరు వేస్తారు, ఈ మూడే అడిగాడు.

మూడోది ఇంటికొచ్చి ఆరా తీస్తే బయటపడింది. పొద్దున కాఫీ అయ్యాక మా మామగారు ఓ చిటికెడు, స్కూలుకెళ్తూ మా వాడు ఓ చిటికెడు, వంట చేస్తూ నేనో చిటికెడు, రాత్రి మళ్ళీ మా ఆయన, "పాపం ఆకలితో పైకొస్తున్నాయి" అని. తినగా మిగిలింది అడుగున కుళ్ళి నైట్రేటూ ఫాస్ఫేటూ అవుతుంది, అంటే ఎరువే. తూర్పు కిటికీ ఎండ సరేసరి, లైటేమో పడుకునేదాకా. ఎరువేసి ఎండ పెడితే కలుపు రాక ఏమొస్తుంది చెప్పండి!

అందుకని తొట్టిని గోడ పక్కకి జరిపాం. మూడు రోజులు లైటు ఆపేసి, దుప్పటి కప్పి, మేత కూడా మానేశాం, ఎదిగిన చేపలకి ఏమీ కాదు. ఎయిర్ పంపు మాత్రం ఆపకూడదు, ఎందుకంటే చచ్చిన పాచి కుళ్ళుతూ నీళ్ళలో ఆక్సిజన్ లాగేస్తుంది, మన ఎండలకి వేడెక్కిన నీళ్ళలో అసలే తక్కువ. నాలుగో రోజు మూడో వంతు నీళ్ళు తీసి, కొత్త నీళ్ళలో యాంటీ క్లోరిన్ కలిపి పోశా. అద్దం మీద మొండి చుక్కల్ని పాత ఏటీఎం కార్డుతో గీకేశా. ఇప్పుడు లైటుకి టైమర్ పెట్టాం, రోజుకి ఆరేడు గంటలే, వారానికోసారి పావు వంతు నీళ్ళు మారుస్తాం.

కొత్త తొట్టిలో గోధుమరంగు పొడి పట్టిందా, కంగారుపడకండి, అది కొన్ని వారాల్లో దానంతటదే పోతుంది.

పాచి తింటుందని సక్కర్ ఫిష్ కొనేవాళ్ళున్నారు, వేలంతే కదా అని. అది అడుగు దాటి పెరుగుతుంది, అప్పుడు పెట్టుకోలేక చెరువులో వదిలేస్తారు. మన ఆంధ్రాలో చేపల చెరువుల వాళ్ళు దెయ్యం చేప అని తిట్టుకునేవి ఇలాంటివే. తినేది కావాలంటే చిన్న నెరైట్ నత్తలు రెండు చాలు.

మేత డబ్బా ఇప్పుడు ఎవరి చేతికీ అందదు. మామగారి బీపీ మాత్రల పాత డబ్బా ఉంది కదా, ఏడు గళ్ళది, అందులో రోజుకింత అని నేనే పోసిపెడతా, గడి ఖాళీగా ఉందంటే ఆ రోజుకి ఎవరో వేసేసినట్టే. ఆదివారం గడి ఎప్పుడూ ఖాళీయే. ఆ రోజు మామగారు తొట్టి ముందు కుర్చీ వేసుకుని, "మీ అత్తకి జాలి లేదర్రా" అని చేపలతో మాట్లాడుతుంటారు.