తాళం వేసే ముందు తల్లుల దగ్గరికి వెళ్లండి

అక్కలూ, చెల్లెళ్లూ,

లంక ఊళ్ల నుంచి రేవు దాటి వచ్చినవాళ్లు కూడా ఇక్కడ ఉన్నారు. చీకటి పడకముందే వెళ్లాలి కాబట్టి ఎక్కువసేపు మాట్లాడను. నేను రిటైరైన అంగన్‌వాడీ టీచర్ని. మళ్లీ సమ్మె నోటీసు ఇవ్వాలా వద్దా అని మీరు చర్చించుకుంటున్నారు. కిందటిసారి నేను చేసిన తప్పు ఒకటి చెప్పాలని వచ్చాను.

2023 డిసెంబరు 12న సెంటర్లకు తాళాలు వేశాం. సమ్మె 42 రోజులు సాగింది. అప్పటికి వర్కరుకి నెలకు 11,500, ఆయాకి 7,000. కనీస వేతనం అడిగాం, రిటైరయ్యేటప్పుడు ఇచ్చే గ్రాట్యుటీ అడిగాం. గ్రాట్యుటీ చట్టం మనకూ వర్తిస్తుందని సుప్రీంకోర్టు 2022 ఏప్రిల్‌లోనే చెప్పింది. జనవరి 6న ప్రభుత్వం మన మీద ఎస్మా పెట్టింది, అంటే అత్యవసర సేవల్లో సమ్మె చేయకూడదనే చట్టం. 1975లో ఐసీడీఎస్, అంటే ఈ అంగన్‌వాడీల పథకం, మొదలైనప్పటి నుంచి మనకిచ్చేది జీతం కాదు, గౌరవ వేతనం అంటున్నారు. మన పని అత్యవసర సేవ అయితే, ఆ పని చేసేవాళ్లం ఉద్యోగులం ఎందుకు కాము? చర్చలకు వెళ్లిన ప్రతిసారీ ఈ మాట ముందు పెట్టండి.

ఇక నా తప్పు. డిసెంబరు, జనవరి అంటే మనకు దాళ్వా, అంటే రెండో పంట వరి ఊడ్పులు. పిల్లని సెంటర్లో దింపితేనే తల్లి చేలోకి దిగగలదు. తాళం చూసి ఒకావిడ మూడేళ్ల పిల్లని చంకనేసుకుని మా ఇంటికొచ్చింది. "ముందే చెబితే మా అమ్మని పిలిపించుకునేదాన్ని కదండీ" అంది. తిట్టలేదు. ఆ రోజు పిల్లని గట్టు మీద కూర్చోబెట్టి ఊడ్చింది. పక్కనే పంట కాలువ. తలుచుకుంటే నాకు ఇప్పటికీ దడే. అధికారులకు నోటీసు ఇచ్చాం, ఆవిడకి మాత్రం చెప్పలేదు.

ఫ్యాక్టరీ ఆగితే యజమానికి ఆ రోజే నష్టం. మన సెంటర్ మూస్తే నష్టం సర్కారుకి కాదు, కూలి పోయే తల్లికి, గుడ్డు, పాలు అందని పిల్లకి. ఆవిడ మన వైపు లేకపోతే చర్చల్లో మన మాటకి బలం ఉండదు.

నాలుగో రోజు నుంచి నేనూ ఆయా సాయంత్రాలు పేటపేటకీ తిరిగాం. నా బ్యాంకు పుస్తకం తెరిచి చూపించాను. "ఇంతేనా టీచరు గారూ?" అన్నారు. ఊడ్పులు లేని రోజుల్లో సమ్మె టెంటు దగ్గరికొచ్చి మా పక్కన కూర్చున్నారు. తాళం తీయించడానికి మనుషులు వచ్చినప్పుడు, "మా టీచరు వస్తేనే పిల్లల్ని పంపుతాం" అని వాళ్లే చెప్పారు.

సమ్మె విరమించినప్పుడు హామీలు వచ్చాయి, గౌరవ వేతనం మాత్రం అప్పటికప్పుడు పెరగలేదు. అందుకే ఈసారి ఏది ఒప్పుకున్నా తేదీ వేయించి, సంతకాలతో మినిట్స్ తీసుకోండి.

నోటీసు ఇచ్చిన రోజు సాయంత్రమే తల్లుల దగ్గరికి వెళ్లండి. పొద్దున్న వెళ్తే దొరకరు, ఆరింటికే చేలోకి పోతారు. ఏ పిల్లని ఏ అమ్మమ్మ చూసుకుంటుందో, ఎవరికి చూసేవాళ్లు లేరో ఒక పుస్తకంలో రాసుకోండి. చూసేవాళ్లు లేని పిల్లల్ని మనమే టెంటు దగ్గర పెట్టుకుందాం.